మైకమ్మ చేసిన ప్రకటన

స్టేషన్లో ఆమెను అందరూ మైకమ్మ అంటారు. రైళ్ల రాకపోకలు మైకులో చెప్పడం ఆమె ఉద్యోగం. ఎంత గోలలోనైనా ఆ గొంతు వినపడిందంటే జనం పెట్టేబేడా సర్దుకుని కదలాల్సిందే. ఆమె చెబితే రైలు ఆలస్యమైనా కోపం రాదని కూలీలు చెప్పుకుంటారు. నిజమే గానీ, ఇంట్లో ఆ గొంతు కాస్త దురుసు.

ఆ పొద్దున అదే కొంప ముంచింది. అత్తగారు వంటింటి డబ్బాలన్నీ తనకు నచ్చినట్టు సర్దేసరికి మైకమ్మకు ఒళ్లు మండి, "ఇది నా ఇల్లు, నా ఇష్టం!" అనేసింది. ఈమె డ్యూటీకి పోతే పిల్లల్ని సాకిన మనిషిని అనాల్సిన మాటేనా అది?

మధ్యాహ్నం మైకుగది కిటికీలోంచి చూస్తే ఏముంది! రెండో ప్లాట్‌ఫారం మీద సంచీతో అత్తగారు రైలెక్కుతోంది. అది పెద్దకొడుకు ఊరికి పోయే బండి. ఈ మనిషి పంతం పట్టి వెళ్లిందంటే మళ్లీ గడప తొక్కదు. ఫోన్ చేస్తే కట్టేసి ఉంది. పరుగెత్తుదామంటే ఇంకో బండి ప్లాట్‌ఫారం మారి వస్తోంది, ఆ సంగతి జనానికి చెప్పే దిక్కు తానొక్కతే.

ఆ బండి సంగతి చెప్పేసింది. మైకు మాత్రం ఆపలేదు.

"ప్రయాణికులకు గమనిక. రెండో ప్లాట్‌ఫారంలో బండెక్కిన మా అత్తగారికి మనవి. పొద్దున నేనన్నది తప్పు. అది మీ ఇల్లు. దయచేసి దిగి రండి."

పక్కగదిలోంచి స్టేషన్ మాస్టరు ఊడిపడ్డాడు. "ఏమిటమ్మా, ఇంటి గొడవలు మైకులోనా?"

"ఆవిడా ప్రయాణికురాలే కదండీ! ఏ ప్రకటనైనా మూడుసార్లు చెప్పమని మీరేగా అన్నారు."

రెండోసారీ చెప్పింది. మూడోసారీ చివరిదాకా చెప్పింది. బండి కూత వేసి కదిలిపోయింది. ప్లాట్‌ఫారం మీది జనంలో అత్తగారు ఎక్కడా కనపడలేదు. మైకమ్మ కళ్లలో నీళ్లు తిరిగాయి.

అంతలో తలుపు తోసుకుని అత్తగారు వచ్చింది, సంచీ చంకన పెట్టుకుని.

"అత్తయ్యా! దిగారా?"

"మొదటిసారికే దిగాను. మిగతా రెండూ కూడా విని పోదామని మెట్ల దగ్గర నిలబడ్డాను."

మైకమ్మకు ఏడుపూ నవ్వూ ఒకేసారి వచ్చాయి. పెద్దావిడ బల్ల మీద కూలబడి, మైకు వైపు అనుమానంగా చూసింది.

"ముందు దాన్ని కట్టెయ్యవే."

కట్టేసింది.

"నాదీ తప్పుందిలే," అంది అత్తగారు, మెల్లగా.