మూటలోనే ఉండిపోయిన డీఎల్ఎల్

పెన్‌డ్రైవు మెడలో వేలాడుతుంటే మనిషిని ఆఫీసరనుకునే రోజులవి. ఆ ఏడాది మే నెల మొదటి సోమవారం కర్నూలులోని మా చేనేత కార్యాలయం నన్ను రాజంపేటకు డ్యూటీ మీద పంపింది. నా హోదా డేటా ప్రాసెసింగ్ అసిస్టెంటు. సీమ చేనేత డిజైన్లన్నీ మెడలో వేసుకుని బస్సెక్కానని తర్వాత చాలామందికి చెప్పాను. నిజానికి అవి ఒక్క సంఘానివి.

నేతగాళ్లు అంచులనూ బుటాలనూ ముందు గళ్ల కాగితం మీద గీసుకుంటారు. దాన్ని గ్రాఫు అంటారు. రాజంపేట దగ్గరి సంఘం గ్రాఫులను మేం కర్నూలులో స్కాన్ చేశాం. సంఘానికి సొంత కంప్యూటరు వచ్చింది కనుక వాటిని అక్కడికి చేర్చాలి. మా పాత మిషన్‌ను ఆ సాయంత్రం ఐదింటికి ఫార్మాట్ చేసి, అంటే పూర్తిగా తుడిచి, వేరే ఆఫీసుకు అప్పగించాలని ఉత్తర్వు.

బొమ్మలు పెద్దవి, పెన్‌డ్రైవు చిన్నది. అందుకని ఫైళ్లను కుదించే కంప్రెషన్ ప్రోగ్రాముతో మూట కట్టాలి. మా ప్రోగ్రాము ఫ్లాపీల కాలం నాటిది, పెన్‌డ్రైవును గుర్తుపట్టదు. ఆ రెంటికీ మాట కలిపేది డీఎల్ఎల్ అనే లైబ్రరీ ఫైలు. అది తనంతట తాను నడవదు, ప్రోగ్రాము పిలిస్తే పలుకుతుంది. దాని సాయంతో కట్టిన మూటను దాని సాయంతోనే విప్పాలి. ఆ ఫైలు నేనే రాశానని ఆఫీసంతా చాటి ఉన్నాను.

రాజంపేట చేరేసరికి మధ్యాహ్నం రెండు. సంఘం గదిలో గంజి వాసన, గోడ అవతల మగ్గాల చప్పుడు. ఆ రెండూ ఇప్పటికీ నాకు గుర్తొస్తుంటాయి. సుబ్బమ్మ అనే నేతగత్తె బెంచీ మీద కాచుకుని ఉంది. వాళ్ల నాయన చనిపోయాడు, ఆయన గీసిన గ్రాఫులు స్కానింగ్ నుంచి తిరిగొచ్చాక చెదల పాలయ్యాయి. ఇక మిగిలింది స్కాన్ చేసినవే.

సీడీలో తెచ్చిన ప్రోగ్రాము ఎక్కించి మూట మీద నొక్కాను. డీఎల్ఎల్ దొరకలేదని తెర మీద పడింది. అప్పుడు తట్టింది. పొద్దున ఫోల్డరులో ఉన్నవన్నీ ఎంచి మూట కట్టేటప్పుడు డీఎల్ఎల్‌ను కూడా అందులోనే కట్టేశాను. బీరువా తాళంచెవి బీరువాలోనే ఉండిపోయింది.

సంఘం అధ్యక్షుడు ఓబులేసు మాత్రం ధీమాగా ఉన్నాడు. "మీరు రాసిందే గదా సార్. ఈడ గూడ ఒగటి రాయండి. కాఫీ తెప్పిస్తా."

రాయడం మొదలుపెట్టాను. అంటే, కీబోర్డు మీద వేళ్లు ఆడించాను. ఏం టైపు చేశానో ఇప్పుడు చెబితే తప్పులేదు: మా వీధిలో వాళ్ల పేర్లు, వరుసగా, ఇంటింటివీ. వీధి అయిపోయాక పక్క వీధిలోకి వెళ్లాను.

సుబ్బమ్మ తెరకేసి చూడటం లేదు, నా మొహంకేసి చూస్తోంది. చివరికి మెల్లగా అంది.

"పోగు తెగితే ఆడనే ముడేస్తాం సార్. తెగలేదన్నట్టు నేస్తా పోతే గుడ్డంతా చెడతాది."

లేచి సంఘం ఫోను అందుకున్నాను. ఈ ఘట్టాన్ని చాలా ఏళ్లు 'ఐదుకు రెండు నిమిషాలుందనగా' అని చెప్పాను. నిజానికి నాలుగుంబావు. కర్నూలులో మిషన్‌ను తుడవాల్సింది ఖాజా, నాతోపాటే ఉద్యోగంలో చేరినవాడు. గదిలో అందరూ వింటుండగా అతనికి ఉన్నదున్నట్టు చెప్పాను. డీఎల్ఎల్ నేను రాయలేదు, ఒక షాపులో అడుక్కున్న సీడీలోది, దాన్ని మూటలోనే కట్టేశాను, మెయిల్లో పంపు, అందాకా మిషన్ ముట్టుకోవద్దు.

"ఆ షాపు మా బామ్మర్దిది గదప్పా," అన్నాడు ఖాజా. "నాకు మొదటి దినమే తెలుసు. నువ్వే చెప్తావని చూస్తాండా."

ఎదుటి నెట్ సెంటరులో ఫైలు దింపుకొచ్చి ప్రోగ్రాము పక్కన పెట్టాను. మూట విడింది. సుబ్బమ్మ తమ గ్రాఫు తెరిపించి, గళ్లను వేలితో లెక్కపెడుతూ ఒకచోట ఆగింది. "ఈ గడి మా నాయన తప్పు గీసినాడు సార్. అట్లనే ఉండనీండి," అంది. అప్పుడు ఖాజాకు మళ్లీ ఫోన్ చేశాను. ఐదింటికి మిషన్ తుడిచాడు.

ఆ తర్వాత రిటైరయ్యేదాకా విప్పే ఫైలును ఎప్పుడూ మూట బయటే ఉంచాను, కట్టిన మూటను వేరే మిషన్‌లో విప్పి చూశాకే బస్సెక్కాను. ఈ పద్ధతి ఒక్కసారీ తప్పలేదు. ఇతరులు రాసింది నాదని చెప్పుకోకూడదని కూడా ఆ రోజే అనుకున్నాను. అది మాత్రం రెండు మూడుసార్లు తప్పింది.