అత్త నోట బేడ

మొన్న మున్సిపల్ ఎన్నికలప్పుడు మా గేటు ముందర ఆటో ఒకటి ఆగింది. ముందు మైకు దిగింది, దాని వెనుక పాతికేళ్ళ అమ్మాయి దిగింది. వార్డుకు నిలబడ్డది ఆమె భర్త. వారం రోజులు అరిచి అరిచి ఆయన గొంతు పూర్తిగా పోయిందట, అందుకని భార్య తిరుగుతున్నది. అరుగు మీద కూర్చున్న నా రెండు చేతులూ పట్టుకుని, "అవ్వా, మా ఆయన పేరు యాదుంచుకో" అని ఇంటిపేరుతో సహా భర్త పేరు చెప్పింది. నాకు చెవుడనుకున్నదేమో, మళ్ళీ చెప్పింది. పోతూ పోతూ మైకులో ఇంకోసారి వీధంతా వినబడేట్టు చెప్పింది. నాకు తల ఎత్తబుద్ధి కాలేదు. ఆ పిల్ల చేసిన తప్పేమీ లేదు. ఆమె నోట ఆ పేరు మంచినీళ్ళు తాగినంత సులువుగా వస్తుంటే మా అత్త గుర్తుకొచ్చింది, అత్త వెంట మామ గుర్తుకొచ్చాడు, ఇద్దరి వెంట మా ఇల్లంతా గుర్తుకొచ్చి సిగ్గనిపించింది. ఇన్నేళ్ళకు కూడా ఆ సిగ్గు పాతబడలేదు.

మామ అంటే మా అమ్మకు అన్న. వనపర్తికి పోయే బాట మీద ఆయనది చిన్న పట్నం. సంస్థానం రోజులవి. మా పల్లెలో ఆడపిల్లలకు బడి లేదని మా అమ్మ నన్ను ఆయన ఇంట్లో ఉంచింది. మామకు మంచి భూములున్నాయి, అంతకన్నా మంచి నోరు ఉండేది. పొద్దున్నే అరుగు మీద కూర్చునేవాడు. ఆ బాటన పోయే మనిషి ఎవరైనా సరే, తన ఎద్దుకు ఏం మేపాలో, కొడుక్కి ఎవరిని చెయ్యాలో, కడుపు నొప్పికి ఏం మింగాలో మామ చెప్పింది విని తీరవలసిందే. కొంతమంది మా ఇల్లు తప్పించుకోవడానికి వెనక సందులోంచి తిరిగి పోయేవాళ్ళని నాకు బడి పిల్లలు చెప్పారు. మామకు మాత్రం ఆ సంగతి తెలియదు. ఊరంతా తన మాట మీద నడుస్తున్నదని ఆయన మనసారా నమ్మాడు.

అత్తది గద్వాల అవతల, గట్టు దిక్కు. రాయచూరు దగ్గరే కాబట్టి వాళ్ళ మాటల్లో కన్నడం కలిసేది. ఎన్నేళ్ళు కాపురం చేసినా కొన్ని మాటలు ఆమెను వదల్లేదు. అన్నింటికన్నా మాకు నవ్వు తెప్పించేది 'బేడ' అనే మాట. వాళ్ళకు బేడ అంటే వద్దు అని. మాకేమో బేడ అంటే రెండణాల బిళ్ళ. అత్త పప్పు గరిటె పట్టుకుని "ఇంక బేడనా?" అని అడిగితే, "బేడ కాదత్తా, పావలా వెయ్యి" అనేవాళ్ళం. ఆమె కూడా నవ్వి ఇంకో గరిటె వేసేది. మామ కూడా నవ్వేవాడు. ఆ మాటకు అర్థం మా ఇంట్లో పసిపిల్లలకు కూడా తెలుసునని ఇక్కడ గుర్తుపెట్టుకోవాలి.

భర్త పేరు పలికితే ఆయన ఆయుష్షు తరుగుతుందని అప్పటి ఆడవాళ్ళ నమ్మకం. అందరూ నమ్మేవాళ్ళు, మా అత్త ఇంకొంచెం ఎక్కువ నమ్మేది. మామ పేరు నేనూ రాయను గానీ, అందులో చంద్రుడు ఉన్నాడని మాత్రం చెబుతాను. అందువల్ల మా అత్త చందమామను కూడా ఆ పేరుతో పిలిచేది కాదు. చంకలో పిల్లకు అన్నం తినిపిస్తూ "అగో పైమామ, అగో పైమామ" అని చూపించేది. మా ఇంటి పిల్లలు చాలా రోజుల దాకా చందమామను పైమామ అనే అన్నారు.

అట్లా ఉండగా ఊరికి కమిటీ వేస్తామనీ, అందులో కొందరు మెంబర్లను జనమే ఎన్నుకోవాలనీ కబురొచ్చింది. ఇంటి పన్ను ఎవరి పేరిట ఉంటే వాళ్ళకు ఓటు. మా వార్డుకు మామ నిలబడ్డాడు. ఆయనకు ఎదురుగా గింజల వ్యాపారం చేసే సేటు నిలబడ్డాడు. సేటు పెద్ద మంచివాడూ కాదు, చెడ్డవాడూ కాదు. తూకంలో కొంచెం అటూ ఇటూ చేసేవాడు గానీ, ఎదుటి మనిషి చెప్పింది వినేవాడు. మామ ఓట్లు పడకముందే కొత్త షేర్వాణీ కుట్టించుకున్నాడు. కమిటీలో కూర్చోవడానికని వడ్లాయనతో చేతుల కుర్చీ చేయించి, దాన్ని అరుగు మీద వేసుకుని ముందుగానే కూర్చోవడం మొదలుపెట్టాడు.

మేము ఉన్న ఇల్లు అత్త తండ్రి ఆమెకు పసుపు కుంకుమ కింద ఇచ్చింది. పన్ను ఆమె పేరిటే ఉండేది. అంటే ఆ ఇంట్లో ఓటు అత్తది. మామ తన ఓటు పొలం దగ్గరి పాత ఇంటి మీద తెచ్చుకున్నాడు. వార్డులో ప్రతి గడపా తొక్కి ఒక్కొక్కరికీ ఏం చెప్పాలో నేర్పిన మామ, సొంత ఇంట్లో నేర్పవలసింది ఒకటి ఉందని అనుకోలేదు. అప్పుడు ఓటు వెయ్యడానికి డబ్బాలు లేవు, చీటీలు లేవు. చావడి వరండాలో పై నుంచి వచ్చిన అధికారి బల్ల వేసుకుని కూర్చుంటాడు. ఓటరు ఆయన ముందుకు పోయి, తనకు కావలసిన మనిషి పేరు నోటితో చెప్పాలి.

ఆ రోజు అత్తకు తోడుగా నేను పోయాను. గద్వాల చీర కట్టుకుని, కొంగు తల మీదికి లాక్కుని, నా చెయ్యి గట్టిగా పట్టుకుని నడిచింది. వరండా నిండా మగవాళ్ళు. మామ ఒక స్తంభం దగ్గర షేర్వాణీలో నిలబడి ఉన్నాడు, సేటు ఇంకో స్తంభం దగ్గర. అధికారికి తెలుగు అంతంతమాత్రం. పక్కన గుమాస్తా మాట మార్చి చెప్పేవాడు.

"పేరు చెప్పమ్మా" అన్నాడు గుమాస్తా.

అత్త కొంగు ఇంకా ముందుకు లాక్కున్నది. "మా ఇంటాయనకు" అన్నది.

"ఇంటాయన అంటే రాసుకోనీకి రాదమ్మా. పేరు కావాలె."

అత్త కాలి వేలితో బండ మీద గీస్తూ నిలబడింది. జనంలో నవ్వులు మొదలైనయి. చివరికి బల్ల దగ్గరున్న ముసలి బంట్రోతు జాలిపడి, "పోనీ తల్లీ, వద్దనుకున్నాయన పేరు చెప్పి వద్దను. ఇద్దరే గదా, సాబుకు సమజైతది" అన్నాడు. మంచి ఉపాయమే. అత్త ముఖంలో కాస్త వెలుగు వచ్చింది. సేటు పేరు చెప్పింది. భయంలో పుట్టింటి మాట నోటికొచ్చిందో ఏమో, ఆ పేరు వెంటనే "బేడ" అన్నది.

ఒక్క క్షణం ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. తరువాత వెనుక నుంచి ఎవడో "ఓట్లకు సేటు బేడ ఇస్తున్నట్టుండు" అన్నాడు. వరండా పగలబడి నవ్వింది. అధికారికి సేటు పేరు వినబడింది, రాసుకున్నాడు. అత్త బిత్తరపోయి మామ దిక్కు చూసింది. నేనూ చూశాను. ఆమె ఏమన్నదో ఆ వరండాలో తెలిసిన మగవాడు ఆయన ఒక్కడే. ఒక్క మాట చెప్తే సరిపోయేది. మామ పెదవులు కదిలినట్టే కదిలి ఆగిపోయినయి. నవ్వుతున్న జనం ముందర, ఈమె నా భార్య, ఈమె మాట ఇది అని చెప్పుకోవడానికి ఆయనకు నామోషీ అయింది. ముఖం గోడ దిక్కు తిప్పుకున్నాడు.

సాయంత్రానికి లెక్క తేలింది. మామ ఓడిపోయాడు. అత్త ఓటు ఒక్కటి ఇటు పడితే గెలిచేంత ఓటమి కాదది, చిత్తుగా ఓడిపోయాడు. వెనక సందులోంచి తిరిగి పోయేవాళ్ళందరూ ఆ రోజు మాత్రం ముందు నుంచే వచ్చి సేటు పేరు చెప్పి పోయారు. ఆ సంగతి మింగుడుపడక మామ రెండు రోజులు అరుగు మీదికి రాలేదు. మూడో రోజు పొద్దున స్నానం చేసి, బొట్టు పెట్టుకుని, హుషారుగా వంటింటి గడపలోకి వచ్చి నిలబడ్డాడు. సేటు ఓట్లు కొన్నాడని పైకి అర్జీ పెట్టాడట. ఓటుకు బేడ ఇచ్చాడని రాశాడట. ఆధారం ఏమిటంటే, తన సొంత భార్యే అధికారి ముందర ఆ మాట అన్నది, ఊరంతా విన్నది.

"విచారణకు పిలుస్తరు. సేటు బేడ ఇచ్చిండా అని అడుగుతరు. ఊఁ అను. అంతే" అన్నాడు మామ.

అత్త రొట్టె పెనం మీద అట్లాగే వదిలేసి, "ఆయన నాకేం ఇయ్యలే గదా" అన్నది.

"నాకు తెల్వదా? పేరు చెప్పమంటే నీకు నోరు రాలే. ఇప్పుడు నేను పేరు అడుగుత లేను. ఊఁ అను అంటున్న."

ఆ వంటింట్లో అప్పుడు మా అమ్మమ్మ ఉన్నది, మామ తమ్ముడు ఉన్నాడు, పండుగకు వచ్చిన మా అమ్మ ఉన్నది. బేడ అంటే ఏమిటో అందరికీ తెలుసు. సేటుకు మర్యాద పోతుందని గానీ, చావడిలో ఆడమనిషి చేత అబద్ధం చెప్పిస్తున్నామని గానీ ఒక్కరూ అనలేదు. పైగా మా అమ్మమ్మ, "ఒక్క ఊఁ కే ఏం పాయె బిడ్డా, మొగని ఇజ్జత్ నిలబడుతది" అన్నది. మా అమ్మ తల వంచుకుని చిక్కుళ్ళు ఒలుస్తూ కూర్చున్నది. ఇది రాస్తుంటే నాకు ఆ వంటింటి గోడలను తలుచుకున్నా సిగ్గేస్తున్నది. మాడిన రొట్టెను అత్త తీసి తన పళ్ళెంలో వేసుకున్నది.

విచారణ రోజు వరండా పట్టనంత జనం. సేటు ఈసారి స్తంభానికి ఆనుకోలేదు, చేతులు కట్టుకుని నిటారుగా నిలబడ్డాడు. పెద్దకొడుకు పెళ్ళి కుదిరి ఉన్నది, ఈ మాట పడితే ఆ సంబంధం నిలిచేది కాదని తరువాత తెలిసింది. అదే అధికారి, అదే గుమాస్తా. అత్త మళ్ళీ నా చెయ్యి పట్టుకుని నడిచింది.

"సేటు నీకు బేడ ఇచ్చిండా అమ్మా?"

అత్త అధికారి దిక్కే చూసింది. మామ దగ్గాడు. ఇంట్లో మంచినీళ్ళు కావాలన్నా, చుట్ట కావాలన్నా ఆయన దగ్గే దగ్గు అది. ఆ దగ్గు వినబడితే అత్త ఏ పనిలో ఉన్నా లేచి వచ్చేది. ఆ రోజు ఆయన దిక్కు తిరగనైనా తిరగలేదు.

"లేదు సాబ్. ఆయన నాకేం ఇయ్యలే. మా దిక్కు బేడ అంటే వద్దని. సేటు వద్దని చెప్పిన. నేను ఓటు వేద్దామనుకున్నది వీరికి" అని మామ పేరు చెప్పింది. ఇంటిపేరుతో మొదలుపెట్టి చివరి అక్షరం దాకా, ఎక్కడా తడబడకుండా చెప్పింది. ఆ గొంతులో ఆ పేరు అప్పటిదాకా ఎవరూ వినలేదు. మామ కూడా వినలేదు.

అధికారి గుమాస్తాతో ఏదో అన్నాడు. గుమాస్తా గొంతు తగ్గించి, "ఆనాడే చెప్తే అయిపోతుండె గదమ్మా" అన్నాడు.

"ఆనాడు అడిగింది ఆయన గెలుపు కోసం సాబ్. గెలుపు కోసం మనిషి ఆయుస్సు తగ్గించుకుంటమా?" అన్నది అత్త. "ఇయ్యాల వేరే దారి లేకపాయె."

అర్జీ అక్కడికక్కడే కొట్టేశారు. సేటు అత్తకు దండం పెట్టబోతే ఆమె చూడకుండానే మెట్లు దిగింది. నేరుగా ఇంటికి నడిచింది. గడపలోకి రాగానే దేవుడి గూటి ముందర కూలబడి, కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. అబద్ధం తప్పించుకున్నందుకు ఆమెకు గెలిచానని లేదు. మొగుడి బతుకులోంచి తన నోటితో ఎన్నేళ్ళు కోసేసిందో అని ఏడ్చింది. ఆ తరువాతి సోమవారం నుంచి ఒక్కపొద్దు పట్టింది. తరిగిన ఆయుష్షు తిరిగి పూడాలని, సోమవారాలు రోజంతా మంచినీళ్ళ మీదే ఉండేది.

మామ ఆ రోజు వెనక సందులోంచి ఇంటికి వచ్చాడు. అత్తను తిట్టలేదు, కొట్టలేదు, ఆ మాట ఎత్తలేదు. కొత్త కుర్చీని అటక మీదికి ఎక్కించాడు. సోమవారం అత్త వడ్డిస్తుంటే పళ్ళెం లోంచి చూపు పైకెత్తకుండా తినేవాడు. మేమందరం ఆయన పక్కనే కూర్చుని తినేవాళ్ళం. ఆ ఒక్కపొద్దు ఎందుకో మాకందరికీ తెలుసు. దాన్ని మాన్పించగలిగినవాడు ఆయన ఒక్కడేననీ తెలుసు. పెళ్ళై పోయాక నేను ఎప్పుడు వచ్చినా సోమవారం అదే తంతు. ఒకసారి వేసవిలో అత్త కళ్ళు తిరిగి నీళ్ళ గోలెం పక్కన పడిపోయింది. మామ పరుగెత్తుకొచ్చి ముఖం మీద నీళ్ళు చల్లాడు, తల ఒళ్ళో పెట్టుకున్నాడు. నోరు తెరిచాడు కూడా. ఇప్పుడు చెప్తాడనుకున్నాను. "విసనకర్ర తే పిల్లా" అన్నాడు నాతో.

ఓట్ల నాడు మొగుని పేరు చెప్పడానికి నోరు పెగలని మనిషి అని ఊరు మా అత్తను చాలా రోజులు ఆడిపోసుకున్నది. ఆమె ఒక్కపొద్దులు విడవకుండానే పోయింది. ఆ తరువాత కూడా మామ చాలా ఏళ్ళు ఆరోగ్యంగా బతికాడు. ఆమె ఉపవాసాల పుణ్యమేనని ఊళ్ళో వాళ్ళు అన్నారు, ఆయన కాదనలేదు. అంత ఆయుష్షు దొరికింది గానీ, "ఇంక చాలు, తిను" అని ఆమెతో ఒక్క మాట అనడానికి మాత్రం ఆయనకు ఆ కాలం సరిపోలేదు.