పిన్ని చూసే సినిమా

మా పిన్ని కువైట్‌లో పన్నెండేళ్లు ఇంటిపని చేసి కడపకు తిరిగొచ్చినప్పుడు అందరి కళ్లూ ఆమె పెట్టెల మీదే. ఆమె మాత్రం ఫోన్‌లో ఒక సినిమాను భద్రంగా తెచ్చుకుంది. ఇండోనేషియా సినిమా. అక్కడ వంటింట్లో తోడుగా పనిచేసిన ఇండోనేషియా ఆవిడ ఎక్కించి ఇచ్చిందట. పాతకాలపు బడి, తెల్లచొక్కాల యూనిఫాం, ఒక పిల్ల, ఒక పిల్లవాడు. వాడు రోజూ తన బస్సు వదిలేసి ఆ పిల్ల ఎక్కే బస్సు ఎక్కుతాడు. అంతే కథ.

మధ్యాహ్నాలు చెనక్కాయలు ఒలుస్తూ పిన్ని దాన్నే చూసేది. ప్రతిసారీ అదే చోట నవ్వేది, అదే చోట కొంగుతో ముక్కు తుడుచుకునేది. డిగ్రీ చదివినదాన్ని కదా, నాకు తల కొట్టేసినట్టుండేది.

"నలభై దాటినంక ఈ పిల్లకాయల ప్రేమలేంది పిన్నీ?" అన్నాను ఒకరోజు.

"నేను ఏడో తరగతిలోనే బడి మానేసింటి పాపా. ఇప్పుడు ఈ పిల్లోళ్లతో రోజూ పోయొస్తాండా."

దానికీ నవ్వాను.

ఒక ఆదివారం చర్చి అయ్యాక నందికొట్కూరు వాళ్లు నన్ను చూసుకోవడానికి వచ్చారు. వంటింట్లో పిన్ని ఫోన్‌లోంచి ఆ మాటలు వినబడుతున్నాయి. అబ్బాయి తల్లి తొంగిచూసి, "ఏమ్మా, నీకు ఆ భాష వస్తాదా?" అని అడిగింది. కువైట్ పోయొచ్చిన ఆడవాళ్ల గురించి మా వైపు ఏమేం అనుకుంటారో నాకు తెలుసు. పిన్ని నోరు తెరిచేలోపే అందుకున్నాను.

"భాష యాడొస్తాదమ్మా! ఊరికే బొమ్మలు చూస్తాంటాది."

పిన్ని నా ముఖం చూసింది. "అవును, ఊరికే బొమ్మలు" అని ఫోన్ ఆపేసింది. ఆ సంబంధమే కుదిరింది. ఆ సినిమా మళ్లీ మా ఇంట్లో వినబడలేదు. పీడ వదిలిందనుకున్నాను, సిగ్గులేనిదాన్ని.

పెళ్లయిన ఇన్నేళ్లకు, ఈ ఏడు అదే సినిమా నా ఫోన్‌లో కనబడింది, కింద ఇంగ్లీషు అక్షరాలతో. చూశాను. బస్సు కదిలే చోట నాకూ ఏడుపొచ్చింది. నా బడి, మా బస్టాండు, కిటికీ పక్క సీటు కోసం పడిన కొట్లాటలు గుర్తొచ్చాయి. పిన్నికి గుర్తు తెచ్చుకోవడానికి ఏముంది? ఆ సినిమా ఒక్కటే. దాన్ని కూడా నేను ఉండనివ్వలేదు.

క్షమించమని అడుగుదామనే కడప పోయాను. పిన్నికి చూపు బాగా తగ్గింది. నా ఫోన్‌లో సినిమా పెడితే తెరవైపు చూడనేలేదు. ఆ పిల్ల నోరు తెరవకముందే ఆ మాట ఆ భాషలో అనేది, వెంటనే నాకోసం తెలుగులో చెప్పేది. ఒక్క మాట తప్పలేదు. ఇక అడుగుదామని నేను దగ్గరికి జరిగాను.

అంతలో పక్కింటామె పెరుగు తోడుకోసం గిన్నె పట్టుకుని వచ్చింది. "ఏం చూస్తాండావక్కా?"

పిన్ని చటుక్కున ఫోన్ బోర్లా పెట్టింది.

"ఏంలేదమ్మా. నాకు భాష యాడొస్తాది? ఊరికే బొమ్మలు చూస్తాండా."