నాన్న పేరున తొందర వాయిదాలు

బతుకుతెరువుకి వచ్చిన ఈ హిందీ ఊళ్లో, ఉక్కు ప్లాంటులో రిటైరవుతూనే నాన్న ఊరి చివర హథ్‌ఖోజ్ దారిలో కొంచెం స్థలం కొన్నాడు. పక్కవాడు అందులో సగం కలిపేసుకుని గోడ లేపాడు. దావా వేశాం. ఎనిమిదో తరగతిలోనే బడికి దండం పెట్టేసిన నాకు, మళ్లీ క్రమం తప్పకుండా హాజరు పడింది కోర్టులోనే.

ఏళ్లు గడిచాక మా వకీలు ఒక దారి చెప్పాడు. వాది అయిన నాన్న ముసలివాడు, గుండెజబ్బు మనిషి, విచారణ త్వరగా ముగించమని అర్జీ పెట్టాం. జడ్జిగారు ఒప్పుకుని పదిహేను రోజులకో వాయిదా ఇచ్చారు. వకీలు ఫోన్ చేసి అభినందించాడు.

"బధాయీ హో భయ్యా! మీ నాన్నగారికి మిఠాయి తినిపించు."

"ఇప్పుడే పెట్టొచ్చాను" అన్నాను. పెట్టింది పిండం. నాన్న పోయి అది పదకొండో రోజు.

నిజం చెబితే ముసలివాడితోపాటు తొందర కూడా పోతుందని భయపడ్డాను. ఆ స్థలంలో రెండు గదులు వేసుకుని, అద్దె కొంప వదిలి, సొంత గుమ్మంలో కూర్చోవాలని అమ్మ కోరిక. ఆమెకూ డెబ్బై దాటాయి. నా గుండు చూసి వకీలు, "తిరుపతా?" అన్నాడు. నవ్వి ఊరుకున్నాను.

మొదటి వాయిదాకి బంట్రోతు కోర్టు గుమ్మంలోకి వచ్చి నాన్న పేరు మూడుసార్లు కేకేశాడు. నాకు తెలియకుండానే మెట్లవైపు చూశాను. నలభై ఏళ్లు షిఫ్టుకి పావుగంట ముందే చేరిన మనిషి. రెండో వాయిదాకి మెట్లకు వీపు పెట్టి నిలబడ్డాను. అది ఇంకా కష్టమైంది.

మూడోసారి అమ్మ నాతో వచ్చింది. మూడు కేకలూ విని నా మణికట్టు పట్టుకుంది.

"ఏట్రా ఇది? ప్రతి వాయిదాకీ ఇలాగే పిలుస్తన్నారేటి?"

"వాళ్ల పద్ధతమ్మా. నాన్న పోయినట్టు మనం చెప్పలేదు కదా."

"పిండాలెట్టి సాగనంపీసినోణ్ని పేరెట్టి మూడేసిసార్లు పిలుస్తుంటే ఆయనెలాగ ఎల్తార్రా? ఎల్లి చెప్పీ."

"చెప్తే మళ్లీ మొదటికొస్తాదే. నీ గదులో?"

"నా గదులు గంగలో కలవనీ. ఆయన్ని ఎల్లనీ."

వకీలుకి చెప్పాను. చెవులు మూసుకునేటట్టు తిట్టాడు. తండ్రి పేరు కొట్టించి వారసుల్ని చేర్చాలట, అవతలివాళ్లకి మళ్లీ నోటీసులట. అర్జీ పడింది, నాన్న పేరు కొట్టేశారు. తర్వాతి వాయిదా నాలుగు నెలలకి వేశారు.

బయటికొచ్చాక అమ్మ తేదీ అడగలేదు.

"ఇంక పిలవరు కదరా?"

"పిలవరమ్మా."

వాది స్థానంలో ఇప్పుడు మొదట రాసింది అమ్మ పేరు. ఈసారి గుమ్మంలో మూడుసార్లు కేకేసేది ఆ పేరేనని చెప్పడానికి నాకు నోరు రాలేదు.