మగ్గం గుంతలో టీవీ వాన

పొద్దున్నే ధర్మవరం నుంచి మా చెల్లెలు రాధ ఫోన్ చేసింది. దాని కూతురు లావణ్య ఒక టీవీ పాటల పోటీకి ఎంపికైంది. ఇంటి కష్టాలు కెమెరాలో తీయడానికి ఆ రోజే షూటింగువాళ్లు వస్తున్నారట. "అక్కా, వానకు మునిగినట్టు చూపియ్యాలని మగ్గం గుంతలో నీళ్లు పోస్తారంట. ఆలోచించకుండా సరే అనేసినా. మగ్గం మీద పెళ్లిచీర ఉండాది. ఎట్లన్నా రా!" పట్టునూలు తడిస్తే చీర పోయినట్టే. వద్దంటే పిల్ల అవకాశం పోతుందని దాని భయం.

హిందూపురంలో ఎనిమిది దాటాక ప్యాసింజరు ఎక్కాను. టికెట్టు ఒక మసాలా దోసె ధర కూడా లేదు. పెనుకొండలో బండి ఆగితే కోటకొండను చూస్తూ కూర్చోవడం నాకిష్టం. ఆ రోజు కొండ కనిపించనే లేదు, కళ్ల ముందు తడిసిన చీరే. అక్కడ చెనక్కాయల గంపతో ఎక్కినామె నా గోడు విని, "ముందు టీవీలో పాటంటే పాటే వస్తాండె. ఇప్పుడు పాట రెండు ముక్కలు, ఏడుపు అరగంట. అయినా మా ఇంట్లో అందరూ అదే చూస్తారులేమ్మా" అంది. నేనూ అదే చూస్తానని చెప్పలేదు.

ధర్మవరం స్టేషను బయట ఆటో అతను యాభై అడిగాడు. ఏ ఇల్లో చెప్పగానే, "టీవీవాళ్లు వచ్చిన ఇల్లా అక్కా? ముప్పై ఇయ్యి, నేనూ చూస్తా" అన్నాడు.

వాకిట్లో నీళ్ల బిందెలు సిద్ధంగా ఉన్నాయి. లోపల రాధ అత్తగారు, అంటే లావణ్య అవ్వ, గుంతలో కాళ్లు పెట్టుకుని నేస్తూనే ఉంది. తెల్లవారుజామున కూర్చున్న మనిషి లేవలేదట.

"అవ్వా, ఒక్క ఐదు నిమిషాలు లేవండి" అని బతిమాలాడు డైరెక్టరు.

"నేను లేస్తే గదా నాయనా నీళ్లు పోసేది! నువ్వు పాడు లావణ్యా."

మగ్గం చప్పుడే తాళంగా పిల్ల పాడింది. డైరెక్టరు కాసేపు తల పట్టుకుని, "సరే, ఇలాగే తీసేద్దాం" అన్నాడు. నాకూ రాధకూ ప్రాణం లేచొచ్చింది. ఆ పూట రాగిసంగటి ఎన్ని ముద్దలు తిన్నానో!

తర్వాత ఆ కార్యక్రమం టీవీలో వచ్చిన రోజు అందరం కూర్చుని చూశాం. అవ్వ నేస్తోంది, వెనక ఉరుములు, ఏడుపు వయొలిను, తెర నిండా వాన చినుకులు. పాట సగమే వచ్చింది. నాకు ఒళ్లు మండింది. అవ్వ మాత్రం నవ్వి, "టీవీలో ఎంత వానన్నా కురవనీలేమ్మా. మన గుంత పొడిగా ఉండాది" అంది.

పాట కన్నా కన్నీళ్లకే గిరాకీ ఉన్న రోజులివి. అయినా పిల్ల పోటీలో ఉంది, చీర పెళ్లింటికి చేరింది. నాకది చాలు. మీరు ధర్మవరంలో మగ్గాలు చూడాలనుకుంటే పొద్దున వెళ్లండి, అడిగితే కాదనరు. నీళ్ల సీసా మాత్రం గుమ్మం బయటే పెట్టండి. లోపల అవ్వ చూస్తూ ఉంటుంది.