చెంప మారిన పుట్టుమచ్చ

కంప్యూటర్లు లేని రోజుల్లో, ఆ కార్టూన్ కంపెనీలో అందరూ ఆమెను గీతక్క అనేవారు. అసలు పేరు వేరు. ఆమె గీసే గీత అంత నిలకడగా ఉంటుందని ఎవరో సరదాకి పెట్టిన పేరు, చివరికి హాజరు పిలిచే గుమాస్తా నోట కూడా అదే నిలిచింది. వాళ్లమ్మ మాత్రం, "దానిదేముంది, బొమ్మలకు రంగులేసుకుంటుంది" అని తేల్చిపారేసేది.

సినిమా తారల ముక్కులు సాగదీసి, గడ్డాలు పెంచి, పెన్సిలుతో నవ్వులాటగా గీయడం మాస్టారి పని. ఆ బొమ్మలను పారదర్శకమైన రేకుల మీదికి సిరాతో ఎక్కించి, రేకు తిరగేసి వెనకనుంచి రంగు పూయడం గీతక్క పని. పన్నెండేళ్లుగా అదే పని చేసీ చేసీ, ఏది ముందో ఏది వెనకో ఆమె కంటికి తేడా తెలియకుండా పోయింది.

అక్కడే కొంప మునిగింది. ఒక పెద్ద తార బొమ్మకు ఎడమ చెంప మీది పుట్టుమచ్చ పెట్టడం మాస్టారు మరిచిపోయారు. గీతక్క రేకులు తిరగేసి రంగు కలుపుతుండగా ఆయనకు గుర్తొచ్చింది. "నువ్వే ఓ చుక్క పెట్టెయ్యమ్మా" అన్నారు. ఆమె ఎదురుగా ఉన్న తార ఫొటో చూసి, తిరగేసిన రేకుల మీద అదే పక్కన చుక్కలు పెట్టి, పైన రంగు పూసేసింది.

తెర మీద వేసి చూస్తే మచ్చ కుడి చెంపకు మారిపోయి ఉంది. యజమాని అగ్గిమీద గుగ్గిలమయ్యాడు. మర్నాడే ఆ తార చూడడానికి వస్తోంది, మళ్లీ వేసే వ్యవధి లేదు.

"ఆవిడ ఒప్పుకోకపోతే ఈ బొమ్మ బయటికి రాదు. నువ్వూ ఇక రానక్కర్లేదు" అన్నాడు.

మర్నాడు ఆరు నిమిషాల బొమ్మ అయిపోయింది. తార ఒక్కసారి కూడా నవ్వలేదు.

"ఆ మచ్చ ఎవరు పెట్టారు?"

వెనక గోడ దగ్గర నిలబడ్డ గీతక్క, "నేనేనండి" అంది.

"తెర మీద నన్ను చూసుకున్నప్పుడల్లా ఎవరో పరాయి మనిషిలా ఉంటుందమ్మా. రోజూ పొద్దున్నే అద్దంలో కనబడేది ఇదిగో, ఈవిడే. మచ్చ ఈ పక్కనే ఉంటుంది" అంది తార. తర్వాత నవ్వేసి, "ముక్కు మాత్రం మరీ అన్యాయం" అంది.

యజమానికి ప్రాణం లేచొచ్చింది. "కావాలనే పెట్టించామండి. మా గీతక్క ఆలోచన."

గీతక్కకు ఒళ్లు మండింది. "ఆలోచన కాదండి, పొరపాటు. కాకపోతే మూడు వందల ఇరవై రేకుల మీదా సరిగ్గా ఒకే చోట చేసిన పొరపాటు. ఒక రేకు నుంచి ఇంకో రేకుకి వెంట్రుకవాసి జరిగినా తెర మీద ఆ మచ్చ ఈగలా ఎగురుతుంది. ఎగిరిందేమో మళ్లీ వేసి చూడండి."

తార మళ్లీ వేయమంది. ఈసారి మాస్టారు, యజమాని, గదిలో అందరూ ముక్కును వదిలేసి మచ్చనే చూశారు. అది చెంప మీద కుదురుగా కూర్చుని ఉంది. పన్నెండేళ్లలో గీతక్క చేతిపనిని ఇంతమంది కళ్లప్పగించి చూడడం అదే మొదలు.