ఒక్కరోజు ఆలస్యమైన అర్జీ

మా సహకార బ్యాంకులో ఆయన్ని అందరూ ముద్రల బాబాయ్ అనేవారు. ముప్పై ఏళ్లుగా బ్యాంకు కాగితాలు ఆఫీసులకు చేరవేయడమే ఆయన పని. ఎక్కడికి వెళ్లినా, అందినట్టు నకలు మీద తేదీ ముద్ర వేయించుకోనిదే గుమ్మం దాటేవాడు కాదు. “పెళ్లి పిలుపుకెళ్లినా శుభలేఖ మీద ముద్ర అడుగుతాడు” అని క్యాషియరమ్మ వెక్కిరించేది.

ఆ ఏడు నియంత్రణ సంస్థ మా బ్యాంకు లైసెన్సు రద్దు చేసింది. మళ్లీ పరిశీలించమని ముప్పై రోజుల్లోగా అర్జీ పెట్టుకోవచ్చు. డైరెక్టర్ల సంతకాలన్నీ పడేసరికి ముప్పయ్యో రోజు మధ్యాహ్నం దాటింది. బాబాయ్ కవరు చంకన పెట్టుకుని బస్సెక్కాడు.

ఆ సంస్థ ఆఫీసులో కాగితాలు తీసుకునే కిటికీ వెనక ఒక్క అమ్మాయే ఉంది, నిండు నెలలతో. కవరు అందుకుని బల్ల మీద పెట్టిందో లేదో, కూలబడిపోయింది. బాబాయ్ పక్క తలుపు తోసుకుని లోపలికెళ్లి నీళ్లు తాగించాడు. ఎదుటి గదిలో ఒకావిడను కేకేసి, ఇద్దరూ కలిసి ఆమెను ఆసుపత్రిలో చేర్పించారు. ఆయన తిరిగొచ్చేసరికి ఆఫీసు గేటుకు తాళం.

మర్నాడు ఆ కుర్చీలో కూర్చున్న గుమస్తా కవరు మీద ముప్పై ఒకటో రోజు తేదీయే వేశాడు. “నిన్నటి తేదీ ఇవాళ వేస్తే నా ఉద్యోగం ఊడుతుంది పెద్దాయనా” అన్నాడు. అదీ న్యాయమే. పదిరోజులకు జవాబొచ్చింది: గడువు దాటింది గనుక అర్జీ చూడలేము.

బ్యాంకు మూతపడితే అది తనవల్లే అని బాబాయ్‌కి తెలుసు. ఆ సాయంత్రం ఇంట్లో కంచం ముందు ఊరికే కూర్చున్నాడు.

“ఇంతకీ ఆ పిల్ల ఎలా ఉందండీ?” అని భార్య అడిగింది.

“కూతురట. తల్లీ బిడ్డా క్షేమం.”

“దేవుడు చల్లగా చూశాడు. మరింకేం, తినండి.”

బ్యాంకు కోర్టుకెళ్లింది. వకీలు బాబాయ్‌ని పిలిపించాడు. “గడువులోనే ఇస్తే తీసుకోనన్నారని రాద్దాం. కేసు గట్టిపడుతుంది.”

“తీసుకోననలేదండీ. చెయ్యి చాచి మరీ తీసుకుంది. లేనిది రాస్తే నేను సంతకం పెట్టను.”

మేనేజరు మండిపడ్డాడు. “పెద్ద సత్యసంధుడివి బయల్దేరావు! అరవై మందిమి రోడ్డున పడ్డాక నీ సత్యం కూడు పెడుతుందా బాబాయ్?”

బాబాయ్ తల వంచుకున్నాడు గాని మాట మార్చలేదు. చివరికి జరిగింది జరిగినట్టే రాశారు. ఆసుపత్రి చీటీలో చేర్పించిన వేళ ఉంది. అవతలి వకీలు కూడా అది కాదనలేదు.

కోర్టు రెండు పేజీల ఉత్తర్వు ఇచ్చింది. ఆ ఒక్కరోజు జాప్యం లెక్కలోకి తీసుకోవద్దు. ఆరు వారాల్లోగా అర్జీని పరిశీలించి, బ్యాంకు వాదన విని, కారణాలతో నిర్ణయం చెప్పాలి. అందాకా బ్యాంకు మూయించకూడదు. లైసెన్సు ఇవ్వాలా వద్దా అన్నది మాత్రం సంస్థ ఇష్టం.

“గెలిచాం!” అని మేనేజరు హాలంతా వినబడేలా అరిచాడు.

బాబాయ్ ఉత్తర్వు రెండుసార్లు చదివి, “ఇంకా లేదండీ. మన అర్జీ చదవమన్నారు, అంతే” అన్నాడు. క్యాషియరమ్మ నవ్వబోయి ఆగింది.

సంస్థ ఆఫీసులో విచారణనాడు మేనేజరు లోపలికెళ్లాడు. బాబాయ్ వరండా బల్ల మీద రెండు గంటలు కూర్చున్నాడు. పెదవులు మాత్రం ప్రార్థనలో కదులుతున్నాయి. మేనేజరు ముఖం వేలాడేసుకుని బయటికొచ్చాడు.

“ఏమన్నారండీ?”

“ఏమంటారు? మన అర్జీ నలభై మూడో పేజీలో పట్టిక తప్పన్నారు. సరిచేసి వారంలో తెమ్మన్నారు.”

బాబాయ్ ముఖం వెలిగిపోయింది. “నలభై మూడా! అయితే అందాకా చదివారన్నమాట!”

మేనేజరు ఆయన్ని ఎగాదిగా చూసి, పక్కనే కూలబడి, చాలా రోజుల తర్వాత నవ్వాడు.

“వారం దాకా ఎందుకండీ, లేవండి. ఇవాళే మొదలుపెడదాం” అన్నాడు బాబాయ్.